కారు ముందా, కథ ముందా? హాట్ వీల్స్ యాక్సిలరేసర్స్ చిక్కుముడి

మా అక్క కొడుక్కి నాలుగో తరగతి. పోయిన ఎండాకాలం సెలవుల్లో హాల్లో చిన్న స్టూల్ మీద నుంచి నారింజ రంగు ప్లాస్టిక్ ట్రాక్ దింపి, మధ్యలో ఒక లూప్ పెట్టి, అరచేతిలో పట్టే కారుని పైనుంచి వదిలాడు. కారు లూప్ ఎక్కింది, నెత్తి దగ్గర ఒక్క క్షణం తటపటాయించి టప్పున కింద పడింది. రెండోసారీ అంతే. వాడు ఎవర్నీ ఏమీ అడగలేదు. లోపలికెళ్లి పాత టెక్స్ట్ పుస్తకాలు ఐదారు తెచ్చి స్టూల్ మీద పేర్చి, ట్రాక్ మొదలుని వాటి మీద పెట్టాడు. ఈసారి కారు గిర్రున లూప్ తిరిగి దివాన్ కాట్ కిందికి దూరిపోయింది. చీపురు పెట్టి తీయాల్సి వచ్చింది.

ఆ పుస్తకాల దొంతరలో ఇంటర్ ఫిజిక్స్ లెక్క ఒకటి దాగుంది. లూప్ ఎంత ఎత్తుంటే, దానికి ఇంకో పావు వంతు కలిపిన ఎత్తు నుంచి కారుని వదలాలి. అడుగు ఎత్తు లూప్ అయితే పదిహేను అంగుళాలు. అది కూడా రాపిడి అసలు లేదనుకుంటేనే. ఉంది కాబట్టి ఇంకాస్త ఎత్తు కావాలి. అంతకు తగ్గితే లూప్ నెత్తికి చేరేసరికి కారుకి ట్రాక్‌ని అంటిపెట్టుకునేంత వేగం మిగలదు.

అదే పిల్లాడు తర్వాత ఫోన్లో యాక్సిలరేసర్స్ సినిమాలు వరసగా చూశాడు. రెండో సినిమా మధ్యలో నన్నో ప్రశ్న అడిగాడు. "వీళ్ళు ఎప్పుడూ ట్రాక్ మీదే ఎందుకెళ్తారు మామయ్యా? పక్కన అంత ఖాళీ ఉందిగా!"

నిజమే. వేరే లోకం, వేల ఏళ్ళ నాటి గ్రహాంతర నాగరికత, ఉరుములు, లావా, ఊబి. ఎక్కడికెళ్లినా అంచులు కట్టిన సన్నటి దారి ఒకటి తయారుగా ఉంటుంది, దాంట్లో లూప్ ఉంటుంది, కొన్ని రేసుల్లో ఆ దారి రంగు కూడా నారింజే. కథలో దీనికి కారణం ఒకటి చెప్తారు. అసలు కారణం మాత్రం బొమ్మల షాపులో ఉంది. ఈ సినిమాల్లో కథకి కార్లు తయారు చేయలేదు. కార్లకి, ట్రాక్‌కి, రంగుల పెట్టెకి తగ్గట్టు కథ కుట్టారు. అలా కొలతలు తీసి కుట్టిన చొక్కా అనుకోకుండా బాగా కుదిరింది. నా ఆసక్తి అంతా అక్కడే.

ముందు సినిమాల సంగతి. యాక్సిలరేసర్స్ అంటే 2005లో అమెరికా కార్టూన్ నెట్‌వర్క్‌లో వచ్చిన నాలుగు యానిమేషన్ సినిమాలు. ఒక్కోటి సుమారు గంట. జనవరిలో ఇగ్నిషన్, మార్చిలో ది స్పీడ్ ఆఫ్ సైలెన్స్, జూన్‌లో బ్రేకింగ్ పాయింట్, అక్టోబర్‌లో ది అల్టిమేట్ రేస్. వీటికి ముందు 2003లో వరల్డ్ రేస్ అని ఒకటొచ్చింది. అది చూడకుండా ఇవి చూస్తే సగం మొహాలు ఎవరివో తెలియవు. తీయించింది హాట్ వీల్స్ కార్లు అమ్మే మాటెల్ కంపెనీ. చేసింది కెనడాలోని వాంకూవర్‌కి చెందిన మెయిన్‌ఫ్రేమ్ స్టూడియో. 1994లో పూర్తిగా కంప్యూటర్ మీద తయారైన తొలి అరగంట టీవీ సీరియల్ రీబూట్ కూడా వాళ్ళదే.

ఇక కొలతల సంగతి. అది 1968 నుంచి మొదలుపెట్టాలి.

ఇరుసులో ఉంది కిటుకు

మాటెల్‌ని నడిపింది భార్యాభర్తలు. రూత్ హ్యాండ్లర్ 1959లో బార్బీ బొమ్మ తెచ్చింది. ఆడపిల్లల అరలు నిండాయి. మగపిల్లల కోసం ఏదో ఒకటి కావాలని ఎలియట్ హ్యాండ్లర్ కార్ల మీద పడ్డాడు. అప్పటికే ఇంగ్లండ్ కంపెనీ లెస్నీ వాళ్ళ మ్యాచ్‌బాక్స్ కార్లు బజారంతా ఏలుతున్నాయి. రోడ్డు మీద కనిపించే కార్లకి అచ్చు గుద్దినట్టుండే నమూనాలు అవి. ముద్దొచ్చేవి గానీ, నెడితే నాలుగడుగులు వెళ్లి ఆగిపోయేవి.

హ్యాండ్లర్ పట్టుకున్నది అదే. కంపెనీ పరిశోధన విభాగాన్ని నడుపుతున్న జాక్ రయన్ అంతకుముందు రేథియాన్ కంపెనీలో క్షిపణుల మీద పనిచేసిన మనిషి. లావు ఇరుసు తీసేసి సన్నటి తీగ వాడారు. చక్రానికి, తీగకి మధ్య రాపిడి బాగా తక్కువుండే డెల్రిన్ అనే ప్లాస్టిక్ పెట్టారు. తీగ కాస్త వంగి మళ్ళీ నిటారయ్యేలా అమర్చడంతో కారుకి స్ప్రింగులు ఉన్నట్టే అయింది. డిజైన్ కోసం జనరల్ మోటార్స్ నుంచి హ్యారీ బ్రాడ్లీ వచ్చాడు. రోడ్డు మీద కార్లకి అచ్చంగా నకలు తీయకుండా, కాలిఫోర్నియా కుర్రాళ్ళు వెనక భాగం ఎత్తి, లావు టైర్లేసి, మెరిసే రంగులు పూయించుకునే సొగసు కార్లని నమూనాగా తీసుకున్నారు. మొదటి సంవత్సరం 16 కార్లు దించారు.

దొర్లే కారు ఉంటే దొర్లడానికి దారి కావాలి. అలా వచ్చిందే నారింజ ట్రాక్. ట్రాక్ బల్లపరుపుగా ఉంటే కారు ఆగిపోతుంది కాబట్టి సూపర్‌చార్జర్ అని ఒకటి తెచ్చారు. చిన్న ఇల్లులా ఉంటుంది. లోపల బ్యాటరీతో తిరిగే రెండు స్పాంజ్ చక్రాలుంటాయి. వాటి మధ్యకి వచ్చిన కారుని రెండు పక్కలా నొక్కి పట్టి అవతలికి విసిరేస్తాయి. చెరుకు రసం బండి రోలర్ల మధ్య గడ ఎలా జారిపోతుందో అలా. ఈ స్పాంజ్ చక్రాలని గుర్తుపెట్టుకోండి, సినిమాలో వేరే పేరుతో మళ్ళీ వస్తాయి.

వేగమే సరుకు కాబట్టి వేగం గురించి గొప్పలూ మొదలయ్యాయి. కార్లు అసలు కారులో 64వ వంతు సైజు. ట్రాక్ మీద అడుగున్నర ఎత్తు నుంచి దిగిన బొమ్మ కారు కింద సెకనుకి 3 మీటర్ల వేగంతో ఉంటుంది. దాన్ని 64తో హెచ్చవేస్తే గంటకు దాదాపు 690 కిలోమీటర్లు! చెప్పుకోడానికి బాగుంటుంది. కానీ సైజు తగ్గినంత మాత్రాన గురుత్వాకర్షణ తగ్గదు కదా. అసలు కారు 64 రెట్ల ఎత్తు, అంటే 96 అడుగుల కొండ మీద నుంచి అలాగే దిగితే దాని వేగం పెరిగేది 8 రెట్లే. గంటకు 86 కిలోమీటర్లు. మన హైవే మీద ఆర్డినరీ కారు వేగం. టీవీ ప్రకటనల్లో కెమెరాని ట్రాక్‌కి ఆనించి తీసి, ఉన్న వేగాన్ని ఎక్కువ చేసి చూపిస్తున్నారని అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ మాటెల్‌ మీద, పోటీ కంపెనీ టాపర్ మీద చర్య తీసుకుంది కూడా. ఆ ఉత్తర్వులు 1971 నాటివి.

ముప్ఫై నాలుగేళ్ళ తర్వాత యాక్సిలరేసర్స్ చేసిన పని ఏమిటంటే, ప్రకటనలో చెప్పకూడని ఆ అబద్ధాన్ని కథలో పెట్టి నిజం చేయడం. కథలో కారు ఎంత వేగంగా పోతే ఎవరికి అభ్యంతరం?

అరగంట కార్టూనా, అరగంట ప్రకటనా?

మధ్యలో ఒక గొడవ జరిగింది. దాన్ని దాటేస్తే మిగతాది అర్థం కాదు.

1969లో ఏబీసీ చానెల్‌లో హాట్ వీల్స్ పేరుతోనే ఒక కార్టూన్ సీరియల్ మొదలైంది. హైస్కూల్ కుర్రాళ్ళు, ఒక కార్ల క్లబ్బు, జాగ్రత్తగా నడపమనే నీతులు. చూడ్డానికి బుద్ధిమంతుల సీరియల్లాగే ఉండేది. కానీ పైన చెప్పిన టాపర్ కంపెనీ వెళ్లి ఎఫ్‌సీసీకి ఫిర్యాదు చేసింది. టీవీ చానెళ్ళ మీద పెత్తనం ఆ సంస్థదే. ఇది కార్యక్రమం కాదు, అరగంట పొడుగు ప్రకటన అన్నది ఫిర్యాదు. ఎఫ్‌సీసీ ఆ వాదనని కొట్టిపారేయలేదు. ఈ సీరియల్‌లో కొంత భాగాన్ని ప్రకటనల సమయం కింద లెక్క రాసుకోవాలని స్టేషన్లకి చెప్పింది. ప్రకటనల సమయం అంటే అమ్ముకునే సరుకు. అది ఊరికే పోతుంటే ఏ చానెల్ ఊరుకుంటుంది? 1971కల్లా సీరియల్ ఆగిపోయింది. ఫిర్యాదు చేసిన టాపర్ వాళ్ళకి పిల్లల మనసు మీద బెంగ ఉందనుకోకండి. వాళ్ళవీ బొమ్మ కార్లే, జానీ లైట్నింగ్ అని.

ఆ భయంతో పదేళ్ళకి పైగా బొమ్మల కంపెనీలు నేరుగా కార్టూన్ల జోలికి పోలేదు. 1980ల్లో రీగన్ ప్రభుత్వం వచ్చాక ఎఫ్‌సీసీ గేట్లెత్తేసింది. 1983లో మాటెల్ వాళ్ళ హీ-మ్యాన్, 1984లో హాస్‌బ్రో వాళ్ళ ట్రాన్స్‌ఫార్మర్స్, ఆ తర్వాత ఇక వరద. 1990లో చట్టం చేసి పిల్లల కార్యక్రమాల్లో ప్రకటనలకి పరిమితి పెట్టారు. శని, ఆదివారాల్లో గంటకు పదిన్నర నిమిషాలు, మిగతా రోజుల్లో పన్నెండు. ఒక బొమ్మ మీద వచ్చే కార్యక్రమం మధ్యలో అదే బొమ్మ ప్రకటన వేయకూడదు. బొమ్మే హీరోగా కథ తీసుకోవడం మాత్రం తప్పు కాదు. 2003 నాటికి అందరికీ ఇది మామూలైపోయింది. మాటెల్ మళ్ళీ కార్లతో టీవీలోకి వచ్చింది ఈ వాతావరణంలో.

ఒక చిన్న ముచ్చట. 1969 సీరియల్లో హీరో పేరు జాక్ వీలర్. యాక్సిలరేసర్స్‌లో హీరో వెర్ట్ వీలర్ తండ్రి పేరు కూడా జాక్ వీలరే. నాకైతే అది ఆగిపోయిన పాత సీరియల్‌కి పెట్టిన దండంలా కనిపిస్తుంది.

ముప్ఫై అయిదు అనే అంకె

2003కి హాట్ వీల్స్ పుట్టి 35 ఏళ్ళు. అందుకని వరల్డ్ రేస్‌లో రహదారి పేరు హైవే 35. రేసర్లు 35 మంది. కార్లు 35. అయిదు జట్లు, జట్టుకి ఏడు. ఒక శాస్త్రవేత్తకి ఇన్ని లోకాలు దాటి 35 అనే అంకే ఎందుకు దొరికిందో అర్థమైంది కదా! ఆ శాస్త్రవేత్త పేరు డాక్టర్ పీటర్ టెజ్లా. మరో లోకంలో యాక్సిలరాన్లు అనే పురాతన జాతి కట్టిపోయిన రహదారిని ఈయన కనిపెడతాడు. దాని చివర ఉన్న వీల్ ఆఫ్ పవర్ అనే చక్రంలో అంతులేని శక్తి ఉంది. దాన్ని కాజేయాలని జెలోరమ్ అనే ఆవిడ వెంటపడుతుంది. ఈవిడ మనిషి కాదు, యంత్రం. కార్లకి హఠాత్తుగా ఊపు కావాల్సినప్పుడు నైట్రాక్స్ 2 అనే ఇంధనం వదులుతారు. ఆ స్పాంజ్ చక్రాలు ఇవే.

వెర్ట్ నడిపే కారు డియోరా 2. దీనికి ముత్తాత 1968 నాటి మొదటి 16 కార్లలో ఉంది. వెనక సర్ఫింగ్ పలకలు పెట్టుకున్న విచిత్రమైన పికప్ వ్యాను, దాని పేరు డియోరా. అసలు డియోరాని డిజైన్ చేసిందీ ఆ హ్యారీ బ్రాడ్లీయే. డియోరా 2ని కథలో మొదటి కారు చేయడం తాతల నాటి ఉంగరం మనవడి వేలికి తొడగడం లాంటిది. పెద్దవాళ్ళు గుర్తుపడతారు, పిల్లలు కొనమంటారు.

ఇన్ని ముక్కల్ని కలిపి ఒక లోకంగా కట్టడంలో జెఫ్ గోమెజ్ నడిపే స్టార్‌లైట్ రన్నర్ సంస్థ చెయ్యి ఉంది. ఒకే కథా ప్రపంచాన్ని సినిమా, బొమ్మ, కామిక్, ఆట అన్నిటిలోకీ పరచడం వాళ్ళ వృత్తి.

అయితే వరల్డ్ రేస్‌కి ఒక జబ్బుంది. 35 మందిని ఎవరు గుర్తుపెట్టుకుంటారు? పెళ్ళి వీడియోలో బంధువుల్లా ఒక్కొక్కరూ వచ్చి పేరు చెప్పి వెళ్ళిపోతారు. యాక్సిలరేసర్స్ ఈ జబ్బుని నయం చేసింది.

రెండు ముఠాలు

అయిదు జట్లు తీసేసి రెండు మిగిల్చారు. టెకు, మెటల్ మేనియాక్స్. ఈ పంపకం గాల్లోంచి పుట్టలేదు. 2000ల మొదట్లో అమెరికా కార్ల కుర్రాళ్ళు నిజంగానే రెండుగా చీలి ఉన్నారు. ఒక వర్గం జపాన్ చిన్న కార్లు కొని, ఇంజన్‌కి మెరుగులు దిద్ది, కింద నియాన్ లైట్లు వేసి, డిక్కీ నిండా స్పీకర్లు పెట్టుకునేది. రెండో వర్గానికి అదంతా బొమ్మలాట. వాళ్ళకి ఎనిమిది సిలిండర్ల అమెరికన్ ఇంజన్ గర్జించాలి, ఇనుము కనిపించాలి, పెట్రోల్ వాసన రావాలి. టెకు మొదటివాళ్ళు. వాళ్ళ నాయకుడు నోలో పసారో కారు సింక్రో నున్నగా మెరుస్తూ ఉంటుంది, వెనక ఎలక్ట్రానిక్ సంగీతం. మెటల్ మేనియాక్స్ రెండోవాళ్ళు. నాయకుడు టార్క్ మాడక్స్, కారు హాలోబ్యాక్, వెనక గిటార్ల మోత. షాపులో పిల్లాడు ప్యాకెట్ చూడగానే "మనోళ్ళ కారా, వాళ్ళ కారా" అని తేల్చుకోగలడు. ఫలానా హీరో ఫ్యాన్స్ అని చెప్పుకుని పెరిగిన మనకి ఈ వ్యాపార సూత్రం ఎవరూ విడమరచి చెప్పక్కర్లేదు.

మూడో జట్టు రేసింగ్ డ్రోన్లు, జెలోరమ్ పంపే రోబోలు. పిల్లల టీవీలో మనుషుల్ని చంపి చూపించలేరు. రోబోని మాత్రం లావాలో ముంచొచ్చు, కొండకేసి కొట్టొచ్చు, వందల్లో పేల్చొచ్చు. యాక్షన్ కావాలి, రక్తం వద్దు అన్నప్పుడు రోబోలు తప్ప దారి లేదు. నాలుగో జట్టు సైలెన్సర్జ్. చప్పుడు లేకుండా వచ్చి పోయే ముసుగువాళ్ళు. పేరుకి తగ్గట్టు వాళ్ళ గురించి రెండో సినిమా దాకా ఏమీ తెలియనివ్వరు.

రేసులు జరిగేది రెల్మ్‌లలో. రెల్మ్ అంటే ఒక్కో వింత లోకం. తుఫాను లోకం ఒకటి, చిత్తడి లోకం ఒకటి, లావాది ఒకటి, నీటిది ఒకటి. ఎవరు ముందు చివరికి చేరితే వాళ్ళకి యాక్సిలచార్జర్ అనే పరికరం దక్కుతుంది. కారులో బిగిస్తే ఆ లోకపు లక్షణానికి తగిన శక్తి కారుకి వస్తుంది. ఇందులో వ్యాపారం ఏమిటో చూడండి. అచ్చుపోత కారులో ఖర్చంతా ఉక్కు అచ్చు తయారీలోనే. అది చేతికొచ్చాక జింకు మిశ్రమం కరిగించి లక్షల కార్లు పోసుకోవచ్చు. కాబట్టి ఒకే కారు మళ్ళీ మళ్ళీ కొత్తగా కనిపించాలి. కారు మార్చకుండా దాని సామర్థ్యం మార్చే పరికరం కథకి దొరికింది. పైగా అది కార్డు అచ్చేయడానికి వీలుగా ఉంటుంది. బొమ్మ కార్లతో పాటు ప్యాకెట్‌లో కార్డులూ ఇచ్చారు. కారుకో కార్డు, రెల్మ్‌కో కార్డు, చార్జర్‌కో కార్డు. కథలో ఏది గెలిచినా జేబులో పెట్టుకోవచ్చు.

మా వాడి ప్రశ్నకి జవాబు ఇదే. రెల్మ్‌లో పక్కన ఎంత ఖాళీ ఉన్నా దారి తప్పకూడదు, ఎందుకంటే ఇంటి హాల్లో వాడు పరిచింది మైదానం కాదు, ట్రాక్. కథలో చెప్పే కారణం యాక్సిలరాన్లు డ్రైవర్లని పరీక్షించడానికి ఈ దారులు కట్టారని. ఆ కారణం కూడా బాగానే అతికింది. ట్రాక్ నుంచి జారితే లోకం మింగేస్తుంది. హాల్లో మాత్రం దివాన్ కాట్ మింగుతుంది.

మరి ప్రకటన అయితే ఇంకా ఎందుకు చూస్తున్నారు?

నోలో అన్న టోన్ పసారో ఒక రేసులో చనిపోయాడు. ఆ రేసులో ఎదురుగా ఉన్నది టార్క్. రెండు ముఠాల పగకి వేరు అక్కడుంది. కర్ట్ వైల్డ్ టెకులో ఉంటే వాళ్ళ తమ్ముడు మార్కీ మెటల్ మేనియాక్స్‌లో ఉంటాడు. వెర్ట్‌కి తండ్రి దూరం, ఆ తండ్రేమో మేజర్ హోదాలో సైలెన్సర్జ్‌లో ఉంటూ కొడుక్కి కనపడకుండా ఉంటాడు. చనిపోయిన అన్న, విడిపోయిన అన్నదమ్ములు, ముసుగేసుకున్న తండ్రి. మన సినిమా చూసే ఎవరికైనా ఇవి ఇంట్లో సరుకే. బొమ్మ అమ్మడానికి ఇవేవీ అక్కర్లేదు. చనిపోయిన టోన్ వల్ల ఒక్క కారు కూడా ఎక్కువ అమ్ముడుపోదు. రాసినవాళ్ళు తమ ఇష్టం కొద్దీ పెట్టినవి అవే, ఇరవై ఏళ్ళ తర్వాత జనం మాట్లాడుకునేవీ అవే.

ఈ సినిమాల్లో మనుషుల మొహాలు మాత్రం చూడలేం. 2005 నాటి టీవీ బడ్జెట్‌లో కంప్యూటర్ మనిషికి జుట్టు మైనపు ముద్దలా, నవ్వు పంటి నొప్పిలా వచ్చేది. కారు అలా కాదు. గట్టి ఉపరితలం, మెరుపు, నీడ ఆ యంత్రాలకి బాగా వచ్చిన విద్య. అందుకని డ్రైవర్ నిలబడి మాట్లాడే సీన్లు తేలిపోతాయి, స్టీరింగ్ పట్టగానే సినిమా లేచి కూర్చుంటుంది.

నాలుగో సినిమా చివర పెద్ద తలుపు ఒకటి తెరిచి, లోపలికి వెళ్ళకుండానే ఆపేశారు. తర్వాతి భాగం రాలేదు. సినిమాకి తెరలో స్థానం ఉంటుంది, బొమ్మకి అరలో స్థానం ఉంటుంది. ఆ అరని ఏడాదికోసారి ఖాళీ చేసి కొత్త సరుకు పెట్టాలి. కథ సగంలో ఉందా, చివర్లో ఉందా అని అర అడగదు. కారు నుంచి పుట్టిన కథ కారుతో పాటే గోడౌన్‌కి పోయింది.

2009లో బాటిల్ ఫోర్స్ 5 అనే సీరియల్ వచ్చింది. అందులోనూ హీరో పేరు వెర్ట్ వీలరే, అందులోనూ వింత లోకాలు, దుష్ట యంత్రాలు. కానీ పాత కథతో సంబంధం లేదు. పేరు కంపెనీ ఆస్తి కాబట్టి మళ్ళీ వాడుకున్నారు. మా వాడు నాలుగో సినిమా అయిపోగానే "తర్వాతది పెట్టు" అని గోల చేస్తే, ఏం చేయాలో తోచక ఇది పెట్టి ఇచ్చాను. అయిదు నిమిషాలు కళ్ళార్పకుండా చూశాడు. ఫోన్ నా చేతిలో పెట్టేసి, "ఈ వెర్ట్ ఆ వెర్ట్ కాదు మామయ్యా" అని వెళ్లి, స్టూల్ మీద పుస్తకాలు పేర్చుకోవడం మొదలుపెట్టాడు.